సంతకం పెట్టనిదే నూనె చుక్క రాలదు

మా వీధి మలుపులో నూనెలతో వైద్యం చేసే ఆయన ఉన్నాడు. నొప్పి ఎక్కడో అడగడానికి ముందు కలం చేతికిస్తాడు. సంతకం పెట్టనిదే ఆయన సీసాలోంచి చుక్క రాలదు.

మొదటిసారి కాలు బెణికి కుంటుతూ వెళ్లాను. కాలి వైపు చూడకుండా బల్ల మీద కాగితం పెట్టాడు. నేను చదివింది అయిదో తరగతే అయినా కాగితం కనబడితే చదవకుండా వదలను, పక్కింటివాళ్లదైనా సరే. అందులో ఉన్నవి మూడు ముక్కలు. ఈ నూనె పని చేయకపోవచ్చు. వాసన భరించడం కష్టం. బట్టకు మరక పడితే పోదు. కింద సంతకం పెట్టే చోట, 'ఇవన్నీ తెలిసే వచ్చాను' అని.

"మరక పోనే పోదా తమ్ముడూ?"

"పోదక్కా."

"నయమవుతుందో లేదో తెలీదు గానీ మరక మాత్రం ఖాయమా?"

"మరక అందరికీ పడింది. నయం కొందరికే అయింది."

సంతకంతో వదలడు. అర్థమైంది సొంత మాటల్లో చెప్పాలి. పాలవాడు ఆ పరీక్ష రెండుసార్లు తప్పి, పట్టేసిన మెడతోనే ఇంటికి పోయాడు. తలకు కాస్త నూనె రాయమన్న తన భార్యకీ వైద్యుడు కాగితమే ఇచ్చాడట. "పెళ్లినాడు ఒక సంతకం పెట్టాను. దాని ఫలితమే ఇంకా అనుభవిస్తున్నా" అని ఆమె తలనొప్పితోనే పడుకుంది.

తప్పు చేయకముందే భుజాలు తడుముకునే రకం అని వీధంతా నవ్వేది. నేను అందరికంటే కాస్త ఎక్కువే నవ్వాను.

ఇంతలో నిజంగానే ఒక భుజం కాలింది. అది దర్జీది. నొప్పికని వెళితే బొబ్బలెక్కి, మూడు వారాలు మిషను తొక్కలేకపోయాడు. మునిసిపాలిటీ ఆఫీసులో ఫిర్యాదు పెట్టాడు. తప్పని తేలితే నూనె వైద్యుడి బోర్డు దిగిపోతుంది. ఆయనకు వేరే పని రాదు.

విచారణకు నేనూ వెళ్లాను. నన్నెవరూ పిలవలేదు. పిలిచేదాకా కూర్చుంటే లోకంలో ఏం తెలుస్తుంది?

వైద్యుడి బావమరిది వకీలు. కాగితం అధికారిణి ముందు పెట్టాడు. "అన్నీ తెలిసే సంతకం చేశాడండి. ఇక ఫిర్యాదెక్కడిది?"

ఆవిడ చదివి వైద్యుడి వైపు చూసింది. "మీరేమంటారు?"

"ఇందులో కాలుతుందని లేదండి."

"బావా, కూర్చో."

"ఉండరా. పొయ్యి మీద నూనె పెట్టి, ఇంకొకరి చేత కాగితం చదివిస్తూ మరిచిపోయాను. వేడి చూడకుండా పోశాను. వాసనకి ఒప్పుకున్నాడు, మరకకి ఒప్పుకున్నాడు. నా మతిమరుపుకి ఒప్పుకోలేదు."

వకీలు కళ్లద్దాలు తీసి జేబులో పెట్టుకున్నాడు. ఇక చూడవలసిందేమీ లేదనుకున్నాడు కాబోలు.

"మరి ఈ కాగితం మిమ్మల్ని కాపాడుకోవడానికి కాదా?" అని అడిగింది అధికారిణి.

"నన్నా? నొప్పితో వచ్చేవాడు ఏం చెప్పినా నమ్ముతాడండి. అందుకే నమ్మేముందు కాసేపు ఆపుతాను. సగంమంది చదివి పెద్దాసుపత్రికి పోతారు. పోనీ, మంచిదే."

నేను అంతవరకూ నవ్విన నవ్వులు ఎన్నో అప్పుడు గుర్తొచ్చాయి. కొంగు సర్దుకుని కూర్చున్నాను.

"మీకేం కావాలి?" అని ఆవిడ దర్జీని అడిగింది.

దర్జీ నేల చూశాడు. "తప్పు ఒప్పుకుంటే చాలనుకున్నానండి, ఒప్పుకున్నాడు. బోర్డు ఉండనివ్వండి. ఎడమ భుజం కూడా పట్టేస్తోంది."

ఇకపై నూనె వేడి ముందు తన చేతి మీద చూసుకోవాలని వైద్యుడికి ఉత్తర్వు రాసి ఆవిడ ఫైలు మూసింది.

బయటికొస్తూ దర్జీ అన్నాడు, "ఈసారి కాలొచ్చని కూడా రాసెయ్యన్నా, సంతకం పెడతా."

"రాయను. అది నేను చూసుకోవాల్సింది, నువ్వు భరించాల్సింది కాదు."

"నేనే పెడతానంటుంటే నీకేంటి?"

"పెట్టినా చెల్లదు."

మెట్ల మీద వకీలు నా పక్కకు వచ్చాడు. "ఇంతకీ మనం గెలిచామా పెద్దమ్మా?"

మాకు నాలుగడుగుల ముందు ఆ ఇద్దరూ, పెట్టని సంతకం గురించి దెబ్బలాడుకుంటూ ఒకే గొడుగు కింద ఇంటి దారి పట్టారు.