గుండీలక్క తీర్పు

చొక్కా చిరిగినా ఆమె కుట్టిన గుండీ ఊడదని వీధిలో పేరు. అందుకే అందరికీ ఆమె గుండీలక్క. భర్త పోయాక పందొమ్మిదేళ్లపాటు, వరసగా ఉన్న ఆరు గదుల్లో మూడోది అద్దెకు తీసుకుని, ఒక్క మిషను మీద ఇద్దరు ఆడపిల్లల్ని ఒడ్డుకు చేర్చింది.

గదుల యజమాని ఆ వరసంతా పడగొట్టి పెద్ద భవనం లేపాలనుకున్నాడు. ఖాళీ చేయమంటే ఆమె ససేమిరా అంది. ఏడాదిగా కొట్టు మూసే ఉంచింది కాబట్టి ఖాళీ చేయించాలని అతను దావా వేశాడు. నిజానికి కాలు విరిగి ఆమె ఆసుపత్రిలో ఉన్నది ఇరవై రోజులే. ఏడాది పొడవునా వాడకం సున్నా అని చూపే కరెంటు బిల్లులు అతను సాక్ష్యంగా పెట్టాడు. తీరా చూస్తే అవి తాళం పడి ఉన్న నాలుగో గదివి. గది నంబరు బిల్లు నెత్తినే ఉంది. కింది కోర్టు జడ్జి ఆ అంకె చూడనే లేదు. ఖాళీ చేయమన్నాడు. అప్పీలు విన్నాయన ఆ తీర్పు చదివి, తలూపి, అదే ఖాయం చేశాడు.

పెద్ద కోర్టుకు వెళ్లమని ధైర్యం చెప్పింది పక్కగదిలో క్షవరాలు చేసే తమ్ముడు. అంకె కళ్లముందుంటే ఎవరు కాదంటారని బస్సు దాకా వెంట వచ్చాడు.

పెద్ద జడ్జి కాగితాలు అటూ ఇటూ తిప్పి, కళ్లజోడు తీసి ఆమెను చూశాడు.

"అమ్మా, ఈ బిల్లులు మీ గదివి కావని నాకూ అర్థమైంది."

ఆమె దండం పెట్టబోయింది.

"ఆగండి. కింది కోర్టు తన హద్దు దాటిందా అన్నదే నేను చూడాలి. సాక్ష్యం తప్పుగా చదివినంత మాత్రాన హద్దు దాటినట్టు కాదని మాకన్నా పెద్ద ధర్మాసనం ఎప్పుడో తేల్చింది. దాన్ని నేను కాదనలేను."

తప్పని ఒప్పుకుని మరీ కేసు కొట్టేశాడు. తెలియక కొట్టేసినా ఇంత మండేది కాదు ఆమెకు. వారం తిరక్కుండా మిషను వీధిన పడింది. జనం ఇచ్చిన, సగం కుట్టిన బట్టలు దాని మీదే కుప్పపోసి పోయారు కూలీలు.

ఆమె బట్టల ఫ్యాక్టరీలో చేరింది. సరిగ్గా అతకని కాలితో రోజంతా నిలబడి దారాలు కత్తిరించే పని. పీడ అంతటితో వదిలిందనుకుంది. కానీ యజమాని ఈసారి క్షవరం తమ్ముడి మీద పడ్డాడు. అదే అబద్ధం, అవే బిల్లులు. కింద అతనే గెలిచాడు. తమ్ముడు పెద్ద కోర్టుకు వెళితే, యజమాని వకీలు గుండీలక్క తీర్పు బల్లమీద పెట్టాడు. పది నిమిషాల్లో తమ్ముడి కేసు పోయింది. ఆ వెనకే మిగతా ముగ్గురివీ.

సాయంత్రం తమ్ముడు ఫ్యాక్టరీ గేటు దగ్గర కాచుకుని ఉన్నాడు. గొంతు పెంచలేదు.

"నువ్వు కింది కోర్టుతోనే ఊరుకుని ఉంటే, మా నెత్తిన ఆ తీర్పు ఉండేది కాదక్కా."

వెళ్లమన్నది నువ్వే కదా అని ఆమెకు నోటిదాకా వచ్చింది. అతని చంకలో కత్తెర్ల సంచి చూసి మింగేసింది.

మర్నాడు పని మానుకుని తన వకీలు దగ్గరకు వెళ్లింది. కోర్టుల్లో ఆ తీర్పును తన పేరుతోనే పిలుస్తున్నారట, ఆ పేరొక్కటీ తీసేయించమని అడిగింది. ఆయన ఫైలులోంచి తలెత్తలేదు.

"తీర్పుల పుస్తకాల్లో అచ్చయిపోయిందమ్మా," అని, బయట బెంచీ మీద కూర్చున్న మరో ఆయన్ని లోపలికి పిలిచాడు.