అమ్మ కొట్టంలో పడలేదు

మా అమ్మ పడలేదు. ఇబ్రహీంపట్నంలో మా గల్లీవాళ్లు ఇప్పటికీ "పాపం, కొట్టంల జారి పడ్డది, ఆన్నుంచే మంచం పట్టింది" అంటారు. విన్న ప్రతిసారీ నాకు ఒళ్లు మండుతుంది. పడలేదని ఎదురు చెబుతాను. "అట్లనా" అని తలూపుతారు, నెల తిరక్కుండా మళ్లీ అదే మాట. వాళ్లను అని ఏం లాభం? ఆ అబద్ధాన్ని మొదట కాగితం మీద పెట్టింది నేనే.

అప్పటికి మా ఊరి చుట్టూ పొలాలన్నీ ప్లాట్లయిపోతున్నాయి. మా చేనుకు అటూ ఇటూ రంగు వేసిన హద్దురాళ్లు పాతేశారు. మా అన్నేమో కార్లలో వచ్చేవాళ్లకు ప్లాట్లు చూపించే పనిలోకి దిగాడు. అమ్మ మాత్రం తన రెండు బర్రెలను వదల్లేదు. బాపు పోయాక మమ్మల్ని చదివించింది ఆ పాలే. తెల్లారకముందే లేచి, పితికి, ఇంటింటికీ తిరిగి పోసి వచ్చేది.

ఒక పొద్దున నేను ఆఫీసు బస్సుకు టైమవుతోందని గబగబా తల దువ్వుకుంటున్నాను. అమ్మ కొట్టంలో కుడితి బకెట్ లేపింది. టప్పుమని చప్పుడైంది. కట్టె ఏదో విరిగిందనుకున్నాను. వెళ్లి చూస్తే అమ్మ గుంజను పట్టుకుని మెల్లగా కిందికి కూర్చుంటోంది. బకెట్ పక్కనే నిలబడి ఉంది, అందులోంచి చుక్క కూడా ఒలకలేదు. "తొడల ఏందో ఇరిగింది బిడ్డా" అంది. పళ్ల బ్రష్షు నోట్లో ఉండగానే అన్న పరుగెత్తుకొచ్చి, కింద పేడ చూసి, "జారి పడ్డది" అని తేల్చేశాడు. "నేను పడలేదురా" అంది అమ్మ. ఆ మాట ఆ ఉదయం ఆమె నాలుగుసార్లయినా అని ఉంటుంది.

నేను చేసే పని ఏమిటో ఇక్కడ చెప్పాలి, లేకపోతే నా మీద నాకెందుకింత కోపమో అర్థం కాదు. నాది మెడికల్ కోడింగ్. అమెరికాలో రోగుల గురించి డాక్టర్లు రాసిన కాగితాలు కంప్యూటర్లో చదివి, ఒక్కో జబ్బుకూ ఒక్కో కోడ్ వెయ్యాలి. మా టీముకు ఎముకల కేసులు వచ్చేవి. మనిషి పడి, దెబ్బ తగిలి ఎముక విరిగితే ఎస్ అక్షరంతో మొదలయ్యే కోడ్. ఎముకలోనే జబ్బు ఉండి, పడకుండానే విరిగితే ఎమ్. ఆ జబ్బు వేరేచోటి క్యాన్సర్ ఎముకకు పాకడం వల్ల అయితే పక్కన సి కూడా రావాలి. అందుకని ఫైలు తెరవగానే నా కళ్లు రెండే వెతికేవి. పడ్డారా, లేదా? ఇంతకుముందు క్యాన్సర్ ఉందా, లేదా? మీర్‌పేట్ నుంచి వచ్చే మా ట్రైనర్ మేడమ్‌ది గుంటూరు వైపు. "డాక్టరు రాయలేదంటే లేనట్టేనమ్మా. నీకు తోచింది నువ్వు వేసెయ్యకూడదు" అని రోజుకు పదిసార్లు చెప్పేవారు.

అమ్మకు ఇంతకుముందు క్యాన్సర్ ఉంది. అంతకు ఎనిమిదేళ్ల ముందు పట్నంలో ఎడమ రొమ్ము తీసేశారు. ఊళ్లో మాత్రం గర్భసంచి ఆపరేషన్ అని చెప్పాం. ఆ మాట పుట్టించింది అమ్మే. "క్యాన్సర్ అని తెలిస్తే నా చేతి పాలు ఎవ్వరు తాగుతరు?" అంది. జాకెట్లో గుడ్డ మడిచి పెట్టుకుని, కొంగు నిండుగా కప్పుకుని, కుట్లు ఆరీ ఆరకముందే మళ్లీ పాలు పోయడానికి వెళ్లింది. అబద్ధం ఎంత అలవాటైందంటే రెండేళ్లు తిరిగేసరికి చెకప్‌కు వెళ్లడం కూడా మానేశాం. గర్భసంచి ఆపరేషన్‌కు చెకప్ ఏముంటుంది!

తొడ విరిగిన రోజు రోడ్డు మీది చిన్న దవాఖానకు తీసుకెళ్లాం. కౌంటర్లో ఫారం ఇచ్చారు. ఇంట్లో అలాంటివి నింపేది నేనే. ఎలా విరిగింది అన్నచోట పెన్ను ఆగింది. వెనక నుంచి అన్న, "జారి పడ్డదని రాయి, జల్ది" అన్నాడు. రాశాను. ఇంతకుముందు జరిగిన ఆపరేషన్లు? కౌంటర్ పక్కనే మా దగ్గర పాలు పోయించుకునే ఆమె నిలబడి ఉంది, "ఏమైందే మీ అమ్మకు" అంటూ ఫారంలోకి తొంగి చూస్తోంది. గర్భసంచి, అని రాశాను.

డాక్టరు ఆ ఫారం చదువుకుని లోపలికి వచ్చాడు. "నేను పడలే సారూ" అంది అమ్మ. "పడకుంట తొడ బొక్క ఎట్ల ఇరుగుతది పెద్దమ్మా? గాభరల యాదికుండది" అని నవ్వి, తొడలో రాడ్ వేసి పంపాడు.

నాకు తోచలేదా అంటే, తోచింది. ఆపరేషన్ థియేటర్ బయట కూర్చున్నప్పుడే తోచింది. అలాంటి ఫైళ్లు వందలు చూసినదాన్ని, తోచకుండా ఎలా ఉంటుంది? అయినా, డాక్టరు రాయలేదు కదా అనుకున్నాను. ఆఫీసు రూలును ఇంటికి తెచ్చుకుని దాని వెనక దాక్కున్నాను. థూ, అదీ ఒక చదువేనా!

మూడు నెలలకల్లా నడుస్తుందన్నారు. నడవలేదు. తొడ నొప్పికి నడుము నొప్పి తోడైంది. వయసు మీద పడుతోందంటూ గోలీలు మార్చారు. అమ్మకు యాభై నాలుగేళ్లు. వదిన బర్రెలను పితుకుతుంటే అమ్మ మంచం మీది నుంచే "పొదుగు జర మెల్లగ కడుగు" అని కేకేసేది. తర్వాత ఆ కేకలు కూడా తగ్గిపోయాయి.

ఒక మధ్యాహ్నం ఆఫీసులో ఒక ఫైలు తెరిచాను. అమెరికాలో ఎవరో ఒకామె ఉతికిన బట్టల బుట్ట లేపిందట, తొడ విరిగిందట. మూడేళ్ల క్రితం రొమ్ము క్యాన్సర్. ఆ డాక్టరు ఒక వాక్యం రాశాడు: తాను పడలేదని రోగి చెబుతోంది. ఎమ్ వేశాను, సి వేశాను, రెండు నిమిషాల్లో పని అయిపోయింది. తర్వాతి ఫైలు తెరవడానికి మాత్రం చెయ్యి రాలేదు. ముఖం కూడా తెలియని మనిషి పడలేదంటే నమ్మాను. నన్ను కన్నతల్లి అదే మాట అంటే కొట్టిపారేసి, పడిందని రాశాను. ఏడుపు కంటే ముందు కోపం వచ్చింది, ఎవరి మీద చూపించాలో తెలియని కోపం. ట్రైనర్ మేడమ్ వచ్చి ఏమైందమ్మా అంటే అంతా చెప్పేశాను. ఆవిడ నా కంప్యూటర్ ఆపేశారు. "ఆ రూలు ఈ కుర్చీ వరకేనే తల్లీ. లే, వెళ్లి చెప్పు" అన్నారు.

ఇంటికొచ్చి, డాక్టరుకు నిజం చెప్పేద్దామని అన్నతో అన్నాను. "ఇప్పుడు గా ముచ్చట ఎందుకు తీస్తున్నవ్? ఊరంతా తెలుస్తది, పాలు బంద్ అయితయ్" అన్నాడు. "అమ్మ లేవలేకపోతుంటే నీకు పాల ఫికరా? సిగ్గుండాలె!" అని అరిచాను. మా అన్న మీద అంత గొంతు ఎప్పుడూ ఎత్తలేదు. మంచం మీది నుంచి అమ్మ అంది: "ఆన్ని తిట్టకు. ఆ మాట పుట్టిచ్చింది నేను. పో, చెప్పు."

మర్నాడు రొమ్ము ఆపరేషన్ నాటి కాగితాలన్నీ తీసుకెళ్లి, రాడ్ వేసిన డాక్టరు బల్ల మీద పెట్టాను. చదువుతుంటే ఆయన ముఖం మారిపోయింది. "ముందే చెప్పాలె గదమ్మా! మేము ఏమన్న దేవుళ్లమా?" అని గద్దించాడు.

"మేం చెప్పలే సార్, తప్పు మాదే. ఆమె చెప్పింది గద! పడలేదని మీ ముంగటనే చెప్పింది. మీరు నవ్విన్రు."

ఆయన ఆపరేషన్‌కు ముందు తీసిన ఎక్స్‌రేను కిటికీ వెలుతురుకు పట్టుకుని చాలాసేపు చూశాడు. నేనూ చూశాను. విరిగినచోట ఎముక చెదలు తిన్న కట్టెలా ఉంది. అది మొదటి రోజు నుంచీ అలాగే ఉంది. పట్నంలో క్యాన్సర్ దవాఖానకు చీటీ రాసిచ్చాడు. తప్పైందని మాత్రం అనలేదు.

అక్కడ స్కాన్ తీశారు. తుంటికీ, వెన్నుపూసకూ పాకింది. కరెంటు పెడితే, అంటే రేడియేషన్ ఇస్తే, నొప్పి తగ్గుతుంది, కాళ్లకు పోయే నరం నొక్కుకుపోయింది కాబట్టి నడక మాత్రం రాదు అంది డాక్టరమ్మ. "ఒక రెండు నెలల ముందు తెచ్చుంటే..." అని మా ముఖాలు చూసి ఆగిపోయింది.

చేర్చుకోవడానికి అక్కడా ఒక ఫారం ఇచ్చారు. అన్న పెన్ను తీశాడు. స్ట్రెచర్ మీది నుంచి అమ్మ, "దానికియ్యి" అని నన్ను చూపించింది. "నేను చెప్పినట్టు రాయి. నీ సొంతం ఏం కలపకు" అంది.

వరండా నిండా జనం. అమ్మ గొంతు తగ్గించలేదు. "ఎనిమిదేండ్ల కింద ఎడమ రొమ్ము తీసిన్రు. క్యాన్సర్. గర్భసంచి ఉన్నది, దాన్ని ఎవ్వరు ముట్టలే." రాశాను. "కుడితి బకెట్ లేపిన. తొడ ఇరిగింది. ఇరిగినంక గుంజ పట్టుకొని కూసున్న. పడలే." రాశాను.

"చదువు" అంది. చదివాను. కళ్లు మూసుకుని విన్నది.

"ఇంకోపారి చదువు."

మళ్లీ చదివాను, ఈసారి గట్టిగా. అమ్మ కళ్లు తెరిచి నావైపు చూసింది. ఆ చూపులో కోపం లేదు. ఉంటే బాగుండేది.

"గింతే గద బిడ్డా" అంది. "గిది ఆ దినమే రాయకపోతివా?"