నాలుగు గట్ల లెక్క

ఆ ఆట ఎలా ఉందో చెప్పమంటే "చాలా బాగుంది" అని రాసిచ్చాను. ఇప్పుడు ఆ రాత తలుచుకుంటే నా చెయ్యి నేనే విరగ్గొట్టుకోవాలనిపిస్తుంది.

మండపేట దగ్గర ఒక పల్లెటూరి హైస్కూల్లో నేను లెక్కల టీచర్ని. జామెట్రీ నేర్పే పజిల్ ఆట వేసి మా స్కూలుకు ట్యాబులు పంపారు. తొమ్మిదో తరగతి చేత ఆడించి నేను అభిప్రాయం రాయాలి. మొదట ఒళ్ళు మండింది. సుద్దముక్కకి దిక్కు లేదు గానీ ట్యాబులట!

ఒక లెవెల్లో నాలుగు గట్ల పొలం బొమ్మ వస్తుంది. దాని వైశాల్యం చెప్పాలి. క్లాసులో అందరికంటే చురుకైన పిల్ల ఎదురెదురు గట్లు కూడి, సగం చేసి, ఆ రెండు సగాలనీ హెచ్చవేసింది. తప్పని ఎర్రగా వెలిగింది. మళ్ళీ అలాగే చేసింది. మళ్ళీ తప్పు.

"ఆటే తప్పండి. మా నాన్న ఊళ్ళో పొలాలన్నీ ఇలాగే కొలుస్తాడండి," అంది రోషంగా. నిజమే, కొలతంటే ఆ ఊరికి ఆయన మాటే మాట.

"ఆ మూల పట్టుకుని జరిపి చూడవే," అన్నాను.

వేలితో మూలని పక్కకి నెట్టింది. గట్ల పొడవులు అలాగే ఉన్నాయి. లోపలి పచ్చరంగు మాత్రం సన్నబడిపోయింది.

"అమ్మో! గట్లు మారలేదండి, పొలం తగ్గిపోయిందండి!" అని గంతేసింది. అంతలోనే ఆగి, "మరి మా నాన్న కొలిచినవో?" అంది.

నాకసలే నోటి దురద. "వంకర పొలాలైతే అన్నీ తప్పే. వెళ్ళి మీ నాన్నకి పాఠం చెప్పు," అన్నాను. క్లాసంతా నవ్వింది. ట్యాబు ఇంటికి పట్టుకెళ్ళనిచ్చింది కూడా నేనే.

వాళ్ళ నాన్నా బాబాయీ ఏళ్ళ క్రితం పొలం పంచుకున్నారు. పెద్దవాడు కొలిచి రెండు సమానమైన చెక్కలు చేస్తే, చిన్నవాడు ముందు కోరుకోవాలి. వాళ్ళలో అదీ పద్ధతి. తమ్ముడు నీళ్ళకి దగ్గరని కాలవ పక్క చెక్క కోరుకున్నాడు. అదేమో బాగా వంకర. ఆ పిల్ల ఇద్దరి ముందూ ట్యాబు పెట్టి, సంబరంగా మూల జరిపి, బాబాయి చెక్కే తక్కువని చూపించింది.

మూడో రోజు వాళ్ళ నాన్న స్కూలుకొచ్చాడు. "తెలిసి చేసింది కాదండి మేడం గారూ. మా తమ్ముడికి మీరొక్క మాట చెప్పండి," అన్నాడు. అంత మనిషి అలా బతిమాలుతుంటే నాకు తల కొట్టేసినట్టయింది.

వెంట వెళ్ళి, ఆ లెక్క ఊరంతటికీ అలవాటైన పొరపాటేనని తమ్ముడికి విడమరిచి చెప్పాను. అతను నావైపు చూడనైనా లేదు.

"నేను కాలవ పక్కదే కోరుకుంటానని నీకు తెలుసు కదా అన్నయ్యా," అన్నాడు.

"గట్టు జరిపేద్దాం రారా," అన్నాడు అన్న. తమ్ముడు లోపలికెళ్ళి తలుపేసుకున్నాడు.

ఇప్పుడు కొలతకి ఆయన్ని ఎవరూ పిలవడం లేదు. ఆయనేమో కన్నకూతురితో మాట్లాడడం లేదు. ఆ పిల్ల వెనక బెంచీలోకి మారిపోయింది.

నిన్న బోర్డు మీద చతుర్భుజం గీసి, వైశాల్యం చెప్పమని దాన్నే లేపాను.

"నాకు రాదండి," అంది, నా కళ్ళలోకే చూస్తూ.

కూర్చోమన్నాను.