మిషన్లో మీసాలు

ఆ వీధిలో అతన్ని అందరూ టెస్టరు అనే పిలుస్తారు. పెన్ను ఉండాల్సిన జేబులో కరెంటు టెస్టరు పెట్టుకుని తిరుగుతాడు కాబట్టి ఆ పేరు. పెళ్లిఫోటోలో కూడా దాని ఎర్ర తల జేబులోంచి తొంగిచూస్తోందని భార్య ఇప్పటికీ దెప్పుతూ ఉంటుంది. ఇంటి ముందుగదే అతని షాపు. మిక్సీలు, ఓవెన్లు, ఇస్త్రీపెట్టెలు, టీవీ పెట్టెలు, ఏది పాడైనా అతని బల్ల మీదికి రావాల్సిందే. తెచ్చినవాళ్లు మిషను ఒక్కటే ఇచ్చి పోతున్నామనుకుంటారు. అబ్బే! అందులో కాపురముంటున్న సంసారాన్ని కూడా ఇచ్చిపోతారు.

బొద్దింకకి పెద్ద కోరికలేం ఉండవు. కాస్త వెచ్చగా ఉండాలి, చీకటిగా ఉండాలి, వీపుకీ పొట్టకీ రెండువైపులా ఏదో ఒకటి ఆనుతూ ఉండాలి. విశాలమైన చోటు దానికి పడదు. వాడిన మిషను లోపల ఈ సుఖాలన్నీ ఉన్నాయి, పైగా పిండీ పులుసూ కారి ఎండిన భోజనం కూడా. అందుకే టెస్టరు ఏ మిషన్నయినా ముందు గుమ్మం బయట మెట్టు మీదికి తీసుకెళ్లి తట్టి, దులిపి, బయటపడినవాటిని చెప్పుతో నలిపి, అప్పుడే లోపలికి తెచ్చేవాడు. కొన్ని తప్పించుకునేవి. పోనిద్దూ, చెప్పు కింద పడేదానికి భయమేమిటి అనుకునేవాడు. డాక్టరు ఒక ప్రశ్న అడిగేదాకా అతనికి నిజంగానే భయం లేదు.

అతనికి ఒక్కతే కూతురు, ఒకటో తరగతి. పీలగా ఉంటుందని పిట్ట అంటారు. మాటలు మాత్రం పిట్టంత కాదు, పొద్దున లేచింది మొదలు వాగుతూనే ఉంటుంది. అలాంటి పిల్ల ఆ మధ్య ఉన్నట్టుండి మాట ఆపేసేది. మాట ఆగిందంటే ఆయాసం మొదలైందన్నమాట. ఛాతీలోంచి సన్నగా పిల్లికూతలు వినపడేవి, మెడ కింద గుంట ఊపిరి పీల్చినప్పుడల్లా లోపలికి పోయేది.

"ఇంట్లో బొద్దింకలున్నాయా?" అని అడిగాడు డాక్టరు, పిల్ల వీపు మీద స్టెతస్కోపు ఆనించి.

"బొద్దింకలా! మా ఇంట్లోనా!" భార్యకి రోషం వచ్చింది. "పూటపూటా తుడుస్తానండీ నేను."

"మిమ్మల్ని అనడం లేదమ్మా. వాటి రెట్ట, అవి విడిచిన పొట్టు ఎండి పొడై గాల్లో కలుస్తుంది. కొందరు పిల్లలకి అది అసలు పడదు, ఊపిరి గొట్టాలు బిగుసుకుపోతాయి. బిగుసుకోవడం ఎక్కువైతే ఒక్కోసారి మా చేతుల్లో కూడా ఉండదు."

టెస్టరు తన చెప్పులవంక చూసుకున్నాడు. ఆ చెప్పులు ఎన్నిటిని నలిపాయో అతనికి తెలుసు.

దారిలో భార్య ఏడ్చినంత పనిచేసింది. "ఊళ్లోవాళ్ల చెత్తంతా తెచ్చి పిల్ల గొంతులో పోశారు కదండీ!" అంది.  నిజమే, కంచే చేను మేసింది.

ఆ రోజు నుంచి టెస్టరుకి బొద్దింకలంటే భయం పట్టుకుంది. ఎదురుగా కనబడేదాన్ని చూసి కాదు, కనబడనిదాన్ని తలుచుకుని. దీపాలార్పి వంటింటి గుమ్మంలో కూర్చునేవాడు. అలికిడి అణిగాక మొదట పొయ్యిగట్టు సందులోంచి మీసాలు వచ్చేవి. మీసాలే, ఒళ్లు రాదు. అవి అటూ ఇటూ గాలిని తడిమి చూసుకుని, సరేననుకున్నాకే మిగతాది బయటికి వచ్చేది. నేరుగా గది మధ్యలోంచి పోదు, గోడకి ఒరుసుకుంటూ పోతుంది. ముందు నీళ్ల కోసం తొట్టి దగ్గరికి, ఆ తర్వాతే తిండికి. అతను ఊపిరి కాస్త గట్టిగా వదిలితే చాలు, ఆ గాలి తగిలి మాయమయ్యేది. తెల్లారేసరికి ఒక్కటీ ఉండదు, తుడిచిన గట్టు తుడిచినట్టే మెరుస్తూ ఉంటుంది. ఇన్నేళ్లూ ఆ మెరుపే చూసి మా ఇల్లు అద్దమని మురిసిపోయాడు పాపం.

ఒక మధ్యాహ్నం అన్నం తింటూ తలెత్తితే, గోడ మీద, కిటికీ వెలుగు పడే చోట, ఒకటి కదలకుండా కూర్చుని ఉంది. ముద్ద అతని నోటి దగ్గరే ఆగిపోయింది. పట్టపగలు వెలుగులోకి వచ్చిందంటే లోపల చోటు చాలడం లేదన్నమాట. ఎక్కడ? ఏ లోపల?

ఇక ఇల్లు పీకి పందిరి వేశాడు. బల్ల మీది మిషన్లన్నీ కవర్లలో మూటగట్టి బయటి రేకుల షెడ్డుకి చేర్చాడు. ఫ్రిజ్ జరిపాడు, గట్టు కింద చెక్కలు ఊడగొట్టాడు, గోడ పగుళ్లన్నీ సిమెంటుతో పూడ్చాడు, సందుసందునా మందు చుక్కలు పెట్టాడు. భార్య డబ్బాలన్నీ కడిగి ఎండబెట్టింది. చచ్చినవాటిని చేటలకెత్తారు. రోజులు గడిచేకొద్దీ వంటింట్లో మీసాలు కనబడటం తగ్గింది. పిట్టకి ఆయాసం మాత్రం తగ్గలేదు సరికదా, ఇంకా తరచుగా వచ్చేది. ఈసారి డాక్టరు చెప్పాల్సినవన్నీ చెప్పి, చివర్లో "మిషను పెడుతున్నారు కదా, మానకండి" అన్నాడు.

మిషనంటే మందుని ఆవిరిలా చేసి మాస్కులోకి పంపే నెబులైజరు. మూతపడ్డ ఏదో ఆసుపత్రి సామానులో అది పాతఇనుము కింద వస్తే టెస్టరే ఏరి తెచ్చుకున్నాడు. లోపలి రబ్బరు మార్చాడు, వైర్లు అతికాడు, గాలి పీల్చే చోట మూత పోతే స్పాంజి ముక్క కోసి కుక్కాడు. స్విచ్ వేయగానే అది బుర్రుమంటే, "చూశావా, నా కూతురికి నేనే చేశాను" అని భార్య దగ్గర గొప్పలు పోయాడు. భార్య దానికి దుమ్ము పడకుండా పాత తువ్వాలు చుట్టి, ఫ్రిజ్ మీద, మూలకి పెట్టేది. ఫ్రిజ్ జరిపిన రోజు కూడా దాన్ని జాగ్రత్తగా మంచం మీదికి దించి, పనయ్యాక జాగ్రత్తగా మళ్లీ అక్కడే పెట్టారు. విప్పి చూడాలని అతనికి తోచనే లేదు. పని నేర్పిన ముసలి మేస్త్రి చెవి మెలిపెట్టి మరీ చెప్పిన మాట ఒకటుంది. "పాడైందాన్ని విప్పేవాడు మెకానిక్, నడుస్తున్నదాన్ని విప్పేవాడు వెధవ." అది నడుస్తోంది కదా!

ఆ మధ్య పిట్ట మాస్కు పెట్టుకోనని మొండికేయడం మొదలెట్టింది.

"వాసనొస్తోంది నాన్నా."

"మందు కదమ్మా, వాసన రాదూ?"

"మందు వాసన కాదు. వేరేది."

"వేషాలెయ్యకు," అనేది తల్లి. పిల్ల తల విదిలించేది, మాస్కు లాగేసేది. చివరికి టెస్టరు ఆ రెండు చేతులూ తన ఒక్క గుప్పిట్లో పట్టుకుంటే, తల్లి మాస్కు అదిమి పట్టేది. మందు పనిచేసి కాసేపు తేలికపడేది. ఆ తర్వాత మళ్లీ మొదలు, ముందుకంటే ఎక్కువ. అందుకని మళ్లీ మాస్కు.

ఒక ఆదివారం సాయంత్రం, ఇంకా ఎండ ఉండగానే, పిట్టకి ఎన్నడూ లేనంతగా ఆయాసం ఎగదన్నింది. అలవాటు ప్రకారం అతను చేతులు పట్టుకున్నాడు, భార్య మాస్కు పెట్టింది, మిషను బుర్రుమంది. పిట్ట ఈసారి తన్నుకోలేదు. కళ్లు పెద్దవి చేసి మిషను వైపే చూస్తోంది. మాస్కు లోపల పెదాలు కదిలాయి.

"ఏంటమ్మా?"

"మీసాలు."

అతను తిరిగి చూశాడు. వేడి పోవడానికి మిషను పక్కన ఉండే సన్నటి చీలికల్లోంచి రెండు మీసాలు బయటికి వచ్చి గాలిని తడుముతున్నాయి. పక్క చీలికలో ఇంకో రెండు. చూస్తుండగానే ఒకటి పూర్తిగా బయటికి వచ్చి, మాస్కుకి వెళ్లే గొట్టం మీదుగా పిల్ల మొహం వైపు నడిచింది.

భార్య కేక వీధంతా వినబడింది.  చంకలో పిల్లని పెట్టుకుని ఊరంతా వెతికినట్టు, ఇల్లంతా తవ్విపోశాడే! అవన్నీ ఇక్కడున్నాయి. ఇందులో కూర్చుని, ఇందులో రెట్ట వేసి, ఇందులో పొట్టు విడిచి. ఆ పొడినంతా పిల్ల ఊపిరితిత్తుల్లోకి ఊదుతుంటే, కదలకుండా చేతులు పట్టుకున్నది ఎవరు? తనే. కన్నతండ్రి!

మాస్కు లాగి పారేసి, పిల్లని భుజాన వేసుకుని పరిగెత్తాడు, వెనకే భార్య. ఆసుపత్రి వీధి చివరే. ఆ కాస్త దూరమే తెగలేదు. చెవి పక్కన కూత సన్నబడుతోంది. కూత తగ్గితే మంచిదే అనుకుంటారు తెలియనివాళ్లు. గాలి ఆడకపోతే కూత కూడా రాదు. "అయిపోయింది తల్లీ, వచ్చేశాం, వచ్చేశాం," అంటూనే ఉన్నాడు, ఎవరికి చెబుతున్నాడో అతనికే తెలియదు.

నర్సు చూస్తూనే మంచం మీద కూర్చోబెట్టింది. మిషను ఆన్ చేసి మాస్కు తెచ్చింది. అంతే, పిట్ట రెండు చేతులతో ముక్కూ నోరూ మూసేసుకుంది. పెదాల చుట్టూ నీలం తిరుగుతోంది, అయినా చేతులు తియ్యదు.

"చేతులు పట్టుకోండి! గట్టిగా!" అని అరిచింది నర్సు.

టెస్టరు చేతులు చాచాడు. పిట్ట అతనివంక చూసింది. ఆ చూపులో మిషనంటే ఎంత భయముందో, నాన్నంటే అంత భయమూ ఉంది. అతని చేతులు గాల్లోనే ఆగిపోయాయి. పట్టుకోలేకపోయాడు.

జేబులోంచి టెస్టరు తీసి, నడుస్తున్న మిషను గాలి పీల్చే చోటి మూత కింద దూర్చి తటాలున ఊడబెరికాడు.

"ఏయ్, ఏం చేస్తున్నారు! నడుస్తున్న మిషన్ని..." నర్సు అతని రెక్క పట్టుకుంది.

"చూడు తల్లీ," అన్నాడు అతను, మూతలో గాలి వడగట్టే చిన్న తెల్ల బిళ్లని పిల్ల కళ్ల ముందు పెట్టి. "తెల్లగా ఉంది. ఏమీ లేదు. ఇదిగో, ముందు నేను పీలుస్తా." మాస్కు తన మొహానికి పెట్టుకుని గట్టిగా పీల్చి వదిలాడు. "మందు వాసనే. ఒట్టు."

పిట్ట వేళ్లు ఒక్కొక్కటే వదులయ్యాయి. తనే మాస్కు అందుకుని పెట్టుకుంది. నర్సు మూత బిగించి, డాక్టర్ని పిలుచుకురావడానికి పరిగెత్తింది. సూదులు గుచ్చారు, ఆక్సిజన్ పెట్టారు. చాలాసేపటికి కూత మళ్లీ వినబడింది. ఆ పిల్లికూత విని మొగుడూ పెళ్లాలిద్దరూ ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని ఏడ్చారు.

పిల్ల గండం గడిచి ఇంటికి వచ్చాక అతను ఆ మిషన్ని మెట్టు మీదికి తీసుకెళ్లి విప్పాడు. స్పాంజి ముక్క కొరికి కొరికి చిల్లులు పడి ఉంది. గొట్టం మొదట్లో కాఫీపొడిలా గోధుమరంగు పొడి పేరుకుని ఉంది. భార్య గుమ్మంలో నిలబడి చూసి లోపలికి వెళ్లిపోయింది. నాలుగు తిట్టినా బాగుండేది.

కొత్త మిషను కొన్నారు. దాన్ని గాజు డబ్బాలో, వెలుగులో పెడతారు. మందు పెట్టే ముందు పిట్ట "విప్పు" అంటుంది. అతను మూత విప్పి తెల్ల బిళ్ల చూపిస్తాడు, మాస్కు తను పీల్చి చూస్తాడు, అప్పుడే ఆమె తీసుకుంటుంది. ఆయాసం బాగా తగ్గింది. వాగుడు మళ్లీ పెరిగింది.

మొన్న మబ్బు పట్టిన రోజు కాస్త ఎగదన్నితే అతను మిషను తెచ్చాడు. పిట్ట బొమ్మల పుస్తకంలోంచి తలెత్తకుండానే మొహం చాచింది.

"విప్పక్కర్లేదులే నాన్నా. పెట్టెయ్."

సంతోషించాల్సిన మాటే. అతను మాత్రం జేబులోంచి టెస్టరు తీసి మూత ఊడదీశాడు.

"వద్దన్నాను కదా!" అంది పిట్ట.

"నీకోసం కాదమ్మా," అన్నాడు, తెల్ల బిళ్లని వెలుగులో అటూ ఇటూ తిప్పి చూస్తూ. "నాకోసం."