కోరా గుడ్డ తెచ్చిన జాబు

ఆ రోజుల్లో నాకు తెలిసిన మాటలు గంపెడు ఉండేవి గానీ, వాటిని ఎక్కడ వాడాలన్న బుద్ధి మాత్రం ఆవగింజంత కూడా లేదు. అది నిజాం జమానా. ఉర్దూలో చదివి, తెలుగు సొంతంగా నేర్చుకుని, మొయినాబాదులో మిషను బడి పంతుల్నయ్యాను. వయసు ఇరవై. చంకలో ఎప్పుడూ ఒక నోటుబుక్కు. అందులో ఒక్కో మాటకు ఎదురుగా అదే అర్థమున్న మాటలు అయిదో పదో రాసుకునేవాణ్ణి. ఎవరు ఏం రాసినా అందులోని మామూలు మాట పీకేసి నా నోటుబుక్కులోని మాట నాటితే అది సాహిత్యమైపోతుందని నమ్మిన గాడిదను. ('నీళ్ళు' అని రాసిన పిల్లవాడికి సున్నా వేసి 'ఉదకము' అని దిద్దిన ఘనత కూడా నాదే.)

ఎంకపల్లిలో మా పెద్దమ్మ ఉండేది. ఆమె నోటికి జడిసి కోడలు చేవెళ్లలోని పుట్టింటికి పోయి నాలుగు నెలలైంది. కొడుకు సరిగ్గా తినడం లేదు, ఎవరితోనూ మాట్లాడడం లేదు. చివరికి పెద్దమ్మే దిగొచ్చి, కోడలికి జాబు రాయించడానికి నన్ను పిలిపించింది. పుట్టి బుద్ధెరిగి ఎవరి ముందూ తప్పు ఒప్పుకోని మనిషి. అరుగు మీద కూర్చుని, కొంగు నలుపుతూ, ఒక్కో మాటా గొంతులోంచి పెరికినట్టు చెప్పింది.

"రాయి బిడ్డ. తప్పు నాదే. నువ్వు లేక ఇల్లు బోసిపోయింది. నా పెయ్యి గూడ మంచిగ లేదు. జల్ది రా బిడ్డా." నా చంకలోని నోటుబుక్కు చూసి, "జర నేను చెప్పినట్లే రాయి" అంది.

ఆమె చెప్పినట్టే రాస్తే పంతుల్ని నేనెందుకు? నోటుబుక్కు తీశాను. 'అపరాధము మదీయము. నీవు లేమిచే గృహము శూన్యమైనది. నా శరీరము క్షీణించినది. సత్వరమే విచ్చేయుము' అని రాసి, చేవెళ్ల అంగడికి పోయే ఒకాయన చేతికిచ్చాను. నా అంతటివాడు ఈ చుట్టుపక్కల లేడనుకుంటూ ఇల్లు చేరాను.

కోడలి పుట్టింటివాళ్ళూ మాలాగే క్రైస్తవులు. ఆ ఇంట్లో అలాంటి తెలుగు ఎవరూ మాట్లాడరు. వాళ్ళు దాన్ని వినేది ఒక్కచోటే, పాదిరిగారు సమాధి దగ్గర ప్రార్థన చదివేటప్పుడు. కోడలి తండ్రి కూడబలుక్కుంటూ రెండు వాక్యాలు చదివాడట, అంతే, ఇల్లంతా గొల్లుమంది. పెద్దమ్మ చివరి ఘడియల్లో రాయించిన జాబు ఇది, ఈపాటికి అంతా అయిపోయి ఉంటుందనుకున్నారు.

మర్నాడు వాళ్ళ బండి ఎంకపల్లి చేరేసరికి నేను పెద్దమ్మ వాకిట్లోనే ఉన్నాను. (నా భాషను ఎవరైనా పొగిడారేమో కనుక్కుందామని వెళ్ళాను.) బండి నిండా చుట్టాలు. కోడలి తండ్రి భుజాన, శవం మీద కప్పడానికి తెచ్చిన కొత్త కోరా గుడ్డ. కోడలు ఏడుస్తూ బండి దూకి లోపలికి పరుగెత్తింది. అక్కడ పెద్దమ్మ జొన్నలు చెరుగుతోంది.

"ఎవరు సచ్చిండ్రే?" అంది పెద్దమ్మ.

"నువ్వే గదా అత్తమ్మా!" అంది కోడలు.

వాళ్ళు వెంట తెచ్చిన ఆ జాబును పెద్దమ్మ నాతోనే చదివించింది. సిగ్గులేకుండా రాగం తీసి మరీ చదివాను.

"గిండ్ల నేను చెప్పిన మాట ఏదిరా?"

"అదే పెద్దమ్మా, తప్పు అన్నా అపరాధమన్నా ఒకటే..."

"ఆ మాట నా నోట్లకెళ్లి ఎల్లేతందుకు నాలుగు నెలలు పట్టింది. నువ్వు ఒక్క గడియల తీసి పారేసినవ్" అంది. చాట కింద పెట్టి, అంతమంది ముందు కోడలి చెయ్యి పట్టుకుని, "తప్పు నాదే బిడ్డా" అంది. ఇద్దరూ ఏడ్చారు. నేను నోటుబుక్కును చొక్కా కింద దాచుకున్నాను.

కోడలు ఉండిపోయింది. కొత్త గుడ్డను వృథా చేయడం పెద్దమ్మ వల్ల కాదు. దర్జీకిచ్చి నాకే చొక్కా కుట్టించి, "తెప్పించినోడే తొడగాలె" అంది. రెండేళ్ళు దాన్నే తొడుక్కుని బడికి పోయాను. ఎంత ఉతికినా మెడ దగ్గర గరుకు పోలేదు.

ఇప్పుడు నాకు ఆనాటి పెద్దమ్మ వయసు వచ్చింది. రాస్తూ రాస్తూ ఏదైనా గొప్ప మాట తట్టి మురిసిపోతే, మెడ దగ్గర ఆ గరుకు తగులుతుంది. వెంటనే ఆ మాట కొట్టేస్తాను. ఆ ఇరవయ్యేళ్ళ గాడిద మీద కోపం ఎప్పుడో పోయింది గానీ, పెద్దమ్మ కుట్టించిన ఆ చొక్కా కోసం మాత్రం ఇప్పటికీ బెంగగానే ఉంటుంది.