వెనక సీటు ఖాళీ

సిరోంచ నుంచి అంకిసకు బండి మీద ఒక్కడే పోవడమంటే మా దగ్గర తప్పు చేసినట్టే. రోడ్డు పక్కన ఎవరు నిలబడి కనిపించినా బండి ఆపి, "ఎటు? ఎక్కు" అనాలి. వాళ్ళెవరో ముందే తెలియాల్సిన పని లేదు. రెండు మలుపులు దాటేలోపు ఏదో ఒక చుట్టరికం బయటపడుతుంది.

ఈ అలవాటునే హైదరాబాదుకు మోసుకుపోయాను. అంత పెద్ద ఊళ్ళో నాకు కావలసిందల్లా నా ముఖం చూసి గుర్తుపట్టే ఒక్క మనిషి. ఎదురు ఫ్లాటాయన మూడేళ్ళుగా అక్కడే ఉంటున్నాడు. ఒక పొద్దున వానలో గేటు దగ్గర నిలబడి ఉంటే బండి ఆపాను.

"ఎటు సార్? ఎక్కుండ్రి, దింపుత."

ఆయన ఒక అడుగు వెనక్కి వేశాడు. "మీరెవరండీ?"

రోజూ ఆయన చెప్పులు దాటుకునే నా తలుపు తీస్తాను. ఆ మాటే చెప్పాను. "ఓహో" అని ఫోన్లోకి చూసుకున్నాడు. సాయంత్రం వాచ్‌మన్ నన్ను పట్టుకుని, "జర ఎదురు ఫ్లాటు వాళ్ళను పలకరియ్యకుండ్రి సార్, భయపడుతున్నరు" అన్నాడు. కోపం రావాలో నవ్వు రావాలో తెలియలేదు. నన్ను చూసి భయమా? మా ఇంటి పిల్లి కూడా నన్ను లెక్కచేసేది కాదు!

అప్పటి నుంచి ఎవరినీ అడగడం మానేశాను. లిఫ్టులో అంకెల వైపు చూడటం నేర్చుకున్నాను. మొదట్లో బాధగా ఉండేది. తరవాత అదీ పోయింది. ఎందుకు పోయిందో ఇప్పటికీ అర్థం కాదు.

మొన్న ఊరికి వచ్చాను. సిరోంచలో దిగేసరికి అంకిస బస్సు వెళ్ళిపోయింది. రోడ్డు పక్కన నిలబడ్డాను. ఒక బండి వచ్చి ఆగింది. నెత్తిన టోపీ, నెరిసిన గడ్డం, హ్యాండిలుకు చేపల సంచి.

"ఎటు? ఎక్కు."

నా కాలు దానంతటదే ఒక అడుగు వెనక్కి పోయింది.

"అంకిసకేనండీ. పర్లేదు, నేను వెళ్తాను" అన్నాను. ఆ మాట నా నోటి నుంచే వచ్చిందా అని నాకే అనుమానం.

పెద్దాయన నన్ను బూట్ల నుంచి ముఖం దాకా చూశాడు. గొంతులో మర్యాద వచ్చి చేరింది.

"కొత్తనా సార్ ఇటు? అంకిసల ఎవరింటికి వచ్చిన్రు?"

"మా ఇంటికే" అన్నాను.

"అట్లనా సార్. కూసోండ్రి."

ఎక్కాను. మా ఇంటి ముందు దిగేదాకా ఆయన నన్ను సార్ అనడం మానలేదు.