కిందికి దిగిన చరణం

మా బిల్డింగులో పై అంతస్తులో ఉండే వెర్డెల్ స్టోక్స్ కట్టిన పాటల్లో జనం నోట నిలిచింది ఒక్కటే. "మెట్ల మీద నువ్వేనా" అని. ఆమె గురించి చెప్పమంటే చెప్తాను గానీ, ఆ పాట ఎలా ఉంటుందని మాత్రం నన్ను అడక్కండి. చికాగోలో ఎవరినడిగినా ఒకటి చెప్తారు, నేను విన్నది ఇంకొకటి, వెర్డెల్‌కి గుర్తున్నది మరొకటి. ఆలోచిస్తే నాకు తల తిరుగుతుంది.

నేను కింద వాటాలో బ్యూటీ పార్లర్ నడుపుతాను. చేతిలో జుట్టు సాపు చేసే వేడి దువ్వెన ఉన్నా చెవులకి పనేమీ ఉండదు కదా, పైనుంచి దిగొచ్చే పియానో అంతా వినేదాన్ని. వెర్డెల్ మొగుడు అలోంజో రైల్లో స్లీపర్ పెట్టెల అటెండరు. కాలిఫోర్నియా దాకా పోయి, ఎవరెవరికో పక్కలు పరిచి, బూట్లు తుడిచి, అలిసిపోయి ఇంటికొచ్చేవాడు. అతని బూట్ల చప్పుడు మెట్ల మీద వినబడగానే పైన పియానో ఆగిపోయేది. పాట పుట్టింది అక్కడే. పల్లవిలో ఆడమనిషి ఒంటరిగా కూర్చుని ఎదురుచూస్తుంటుంది. చరణంలో స్వరం ఒక్కో మెట్టే పైకెక్కుతుంది. ఎక్కి ఎక్కి తలుపు దగ్గర నిలబడుతుంది. అంటే అలోంజో వచ్చేశాడన్నమాట.

యుద్ధానికి ముందు, ఓ చలికాలం ఒక నాటకశాలలో ఎవరో అమ్మాయి దాన్ని పాడింది. పాట అచ్చయింది, రేడియోలో వచ్చింది. నా కుర్చీలో కూర్చున్న ప్రతి ఆడదీ దాన్నే కూనిరాగం తీసింది. తర్వాత ఇంకో పాట వచ్చింది, అందరూ దీన్ని మర్చిపోయారు. అలా మర్చిపోయి ఊరుకున్నా బాగుండేది.

యుద్ధం అయ్యాక ఒక ట్రంపెట్ ఆయన రికార్డు వెనక వైపు ఏదో ఒకటి ఉండాలి కదా అని దీన్ని వాయించాడు. మాటల్లేవు, నిదానం లేదు, పరుగే పరుగు. చరణంలో స్వరం పైకెక్కాల్సింది పోయి కిందికి దిగింది. ఆ రోజు పెదవి పగిలి ఉందట, పై స్వరం అందలేదట. నిజమో అబద్ధమో నాకు తెలియదు. కుర్రకారు మాత్రం ఆ రికార్డు మీద సూది పెట్టి, తీసి, మళ్లీ పెట్టి, దిగడమే నేర్చుకున్నారు. చివరికి బ్యాండు వాయించే ఏ లౌంజు బారులోనైనా ఎవరో ఒకరు పాట పేరు అంటే చాలు, స్వరాల కాగితం అవసరం లేకుండా అందరూ అందుకునేవాళ్లు. డెట్రాయిట్ నుంచి వచ్చినవాడూ, కాన్సాస్ సిటీ నుంచి వచ్చినవాడూ, ఒకరి మొహం ఒకరు ఎరగనివాళ్లు, అంతా కలిసి కిందికే దిగేవాళ్లు.

నా పార్లర్ రేడియోలో మొదటిసారి విన్నప్పుడు అలోంజో నవ్వాడు. "ఒడెస్సా, వీళ్లు నన్ను కిందికి దింపేస్తున్నారు. ఇంటికొస్తున్నవాణ్ణి గుమ్మం నుంచే పంపించేస్తున్నారు" అన్నాడు.

వెర్డెల్ నవ్వలేదు. "ఒక్కసారి ఆ కుర్రాళ్లతో కూర్చుని, జనం ముందు చరణం పైకి వాయించాలే. తర్వాత వాళ్లిష్టం" అంది నాతో. ఆమె కోరిందల్లా అదే.

ఆదివారం చర్చి అయ్యాక, నెత్తిన టోపీలు అలాగే ఉంచుకుని, బస్సెక్కి ఆ కుర్రాళ్లు వాయించే లౌంజుకి వెళ్లాం. ఆదివారం మధ్యాహ్నాలు ఎవరొచ్చినా వాళ్లతో కూర్చుని వాయించొచ్చు. శాక్సోఫోన్ వాయించే రోస్కో ఆ కుర్రాళ్ల బ్యాండుకి పెద్ద. వాళ్లమ్మ నా పార్లర్‌కే వస్తుంది, పెళ్లయినా కాకపోయినా పెద్దవాళ్లందరినీ వాడు మిస్ అనే అంటాడు. వెర్డెల్ పియానో ముందు కూర్చుని పాట పేరు చెప్పింది. పల్లవి చక్కగా సాగింది. చరణం రాగానే ఆమె చేతులు పైకి, మిగతావాళ్లంతా కిందికి. ఒకే గుమ్మంలో వచ్చేవాడూ పోయేవాడూ గుద్దుకున్నట్టయింది. అందరూ ఆపేశారు.

"మిస్ వెర్డెల్, చరణం అలా కాదండీ, కిందికి రావాలి" అన్నాడు రోస్కో.

నాకు ఒళ్లు మండింది. "ఒరేయ్ రోస్కో, ఆ పాట కట్టింది ఎవరనుకున్నావురా?"

వాడు టోపీ తీశాడు. "తెలుసండీ మిస్ ఒడెస్సా, రికార్డు మీద పేరు చూశాను." తర్వాత వెర్డెల్ వైపు తిరిగి, "కట్టింది మీరే, కాదనను. కానీ పాట అలా ఉండదండీ" అన్నాడు.

తిడదామని నోరు తెరిచాను. అంత మర్యాదగా చెప్పినవాణ్ణి ఏమని తిట్టను? పైగా వాడన్నది తప్పో ఒప్పో నాకే తేలలేదు.

"మరి నేను కట్టినదాన్ని ఏమంటారు నాయనా?" అని అడిగింది వెర్డెల్.

వాడు నిజంగానే ఆలోచించాడు. "అది పాత పాటండీ" అన్నాడు.

ఆ వారమంతా పైనుంచి రెండూ వినిపించాయి. ఒకసారి ఎక్కేది, ఒకసారి దిగేది, ఒకసారి సగం ఎక్కి ఆగిపోయేది. నా కుర్చీలో ఉన్నావిడ, "ఎవరో చిన్నపిల్ల నేర్చుకుంటున్నట్టుంది" అంటే నేను దువ్వెన ఇంకాస్త గట్టిగా లాగాను. ఒక పొద్దున వెర్డెల్ దిగొచ్చి, నా కుర్చీలో కూలబడింది.

"దిగేదే బాగుందే ఒడెస్సా."

"నీకేమైనా మతి పోయిందా?"

"పోయినట్టే ఉంది. నిన్న అచ్చుకాగితం ముందు పెట్టుకుని నాది వాయించాను. ఎవరో రాసిన పాట తప్పుగా వాయిస్తున్నట్టే వినిపించింది."

వెనకే దిగొచ్చిన అలోంజోకి కోపం వచ్చింది. "ఆ మెట్లు ఎక్కిన కాళ్లు నావి. నేను పైకే వచ్చాను. ఎవడు వచ్చి చెప్పినా పైకే."

మళ్లీ ఆదివారం ముగ్గురం వెళ్లాం. ఆ రోజు అలోంజోకి డ్యూటీ లేదు. రోస్కోని అనవసరంగా ఆడిపోసుకున్నానేమో, వాడు మంచి పిల్లాడే. "చరణంలో మేమంతా ఊరుకుంటాం మిస్ వెర్డెల్. బేస్, డ్రమ్స్ మెల్లగా నడుస్తుంటాయి. మీకెలా కావాలంటే అలా వాయించండి" అన్నాడు. ఆమె కోరింది చేతికొచ్చేసింది. అలోంజో కుర్చీ ముందుకు లాక్కున్నాడు.

పల్లవి అయింది. చరణం వచ్చింది. వెర్డెల్ చేతులు పియానో మెట్ల మీదికి వెళ్లాయి, అక్కడే గాల్లో ఆగిపోయాయి. పైకీ లేదు, కిందికీ లేదు. బేస్ తీగ, డ్రమ్ము మాత్రమే కాళ్లీడ్చుకుంటూ నడిచాయి. నేను వేళ్లు విరుచుకుంటూ కూర్చున్నాను. చరణం మొత్తం అలాగే గడిచిపోయింది, పల్లవిని మళ్లీ అందరూ అందుకున్నారు. పాట ముగిసేసరికి లౌంజంతా లేచి నిలబడి చప్పట్లు కొట్టింది.

"ఆ ఖాళీ ఉంది చూశారూ, మాలో ఒక్కడికీ తట్టలేదండీ" అంటూ రోస్కో ఆమె చెయ్యి పట్టుకుని వదల్లేదు.

ఇంటికొచ్చేటప్పుడు బస్సులో వెర్డెల్ చేతి తొడుగుతో కళ్లొత్తుకుంది. "మర్చిపోయానే. రెండూ కలిసిపోయి, చేతికి ఏదీ రాలేదు. వాళ్లతో చెప్పాలంటావా?" అంది.

నాకు ఏడుపూ వచ్చింది, నవ్వూ వచ్చింది. అలోంజో కిటికీలోంచి చూస్తూ కూర్చున్నాడు.

ఆ తర్వాత రోస్కో పాటని రికార్డు చేశాడు, చరణం ఖాళీగానే వదిలి. ఇప్పుడు ఈ వీధిలో అందరూ అలాగే వదిలేస్తున్నారు. మొన్న నా పార్లర్ దగ్గర ఒక కుర్రవాడు ఇంకొకడికి చెప్తున్నాడు, చరణంలో పియానో ముట్టుకుంటే పాట రాదన్నమాటేనట. నేను తలుపు తీసి వాణ్ణి చూశాను, మళ్లీ మూశాను.

పోయిన వారం చిలగడదుంపతో తీపి రొట్టె చేసి పైకి పట్టుకెళ్లాను. వెర్డెల్ అచ్చుకాగితం ముందు పెట్టుకుని, మునుపటిలా నిదానంగా వాయిస్తోంది. అలోంజో కళ్లు మూసుకుని వింటున్నాడు. నేను గుమ్మంలోనే నిలబడ్డాను. పల్లవి అయిపోయింది. ఆమె చెయ్యి ఒక మెట్టు ఎక్కింది, రెండో మెట్టు ఎక్కింది. ఎక్కడా తడబడలేదు. ఎన్నాళ్లకి విన్నానో ఆ ఎక్కడం.

"ఆగు వెర్డెల్" అన్నాడు అలోంజో కళ్లు తెరవకుండానే. "చరణంలో పియానో ముట్టుకోకూడదు."

ఆమె అతని వైపు చూసింది. చేతులు తీసి ఒళ్లో పెట్టుకుంది. చరణం పట్టేంత సేపూ ముగ్గురం ఆ ఖాళీనే విన్నాం.